ఎండుకొమ్మ మీద ఎర్ర పుట్టగొడుగు: గుర్తుపట్టడం ఎలా? తినొచ్చా, రీషీయేనా, చెట్టుకు ముప్పా?



నాలుగు వానలు పడి కాస్త ఎండ కాసిందంటే చాలు, అడవి అంచు తోటల్లో ఎండిపోయిన కొమ్మల మీద, పడిపోయిన మానుల మీద కుంకుమ అద్దినట్టు ఎర్రగా ఒకటి కనబడుతుంది. కొన్నిచోట్ల ముదురు నారింజ రంగు, కొన్నిచోట్ల అచ్చంగా మిరపపండు రంగు. విసనకర్రలాగా, అరచందమామలాగా కట్టెకు అతుక్కుని ఉంటుంది. కాడ దాదాపు ఉండదు. దూరం నుంచి చూస్తే ఎవరో ప్లాస్టిక్ ముక్కలు గుచ్చినట్టే ఉంటుంది.

దీని గురించి రైతులు అడిగేవి ఎప్పుడూ మూడే ప్రశ్నలు. ఇది తినొచ్చా? ఇది రీషీ కదా, కిలో వేలల్లో పోతుందట కదా? ఇది మా మామిడి చెట్టును చంపేస్తుందా?

జవాబు ముందే చెప్పేస్తాను. తినేది కాదు. రీషీ కాదు. ఆరోగ్యంగా ఉన్న చెట్టుకు ఇది శత్రువు కాదు. కానీ ఈ మూడు జవాబులూ ఒక్క షరతు మీదే నిలబడతాయి. మీరు చూసింది అదే అయి ఉండాలి. ఇలాంటి ఎరుపే కొబ్బరి మొదట్లో కనబడితే కథ పూర్తిగా వేరు. అందుకే ఈ వీడియోలోనూ, ఈ వ్యాసంలోనూ రంగును పక్కనపెట్టి, దేన్ని చూసి గుర్తుపట్టాలో వరుసగా చెబుతున్నాను.

ముందు పేరు సంగతి

శాస్త్రీయంగా దీని పేరు పిక్నోపోరస్ సాంగ్వినియస్. కొందరు శాస్త్రవేత్తలు ట్రామెటెస్ సాంగ్వినియా అని కూడా రాస్తారు. రెండూ ఒకటే, కంగారుపడొద్దు. 'సాంగ్వినియస్' అంటే లాటిన్‌లో రక్తవర్ణం అని అర్థం. మొక్కలకూ జంతువులకూ రెండు మాటల పేర్లు పెట్టే పద్ధతి తెచ్చిన లిన్నేయస్, 1763లోనే దీనికి ఆ రక్తవర్ణం పేరు పెట్టాడు. మన దేశంతో పాటు ఆఫ్రికా, దక్షిణ అమెరికా లాంటి వేడి ప్రాంతాలన్నిటా ఇది పెరుగుతుంది. చల్లటి దేశాల్లో దీని అన్నలాంటిది ఇంకొకటి ఉంది, పిక్నోపోరస్ సినబారినస్. అది కాస్త మందంగా ఉంటుంది, అడుగున రంధ్రాలు కూడా పెద్దవి.

ఈ వ్యాసంలో మన వాడుకకు దీన్ని 'ఎర్ర కట్టెగొడుగు' అనుకుందాం.

ఆ ఎరుపు ఎక్కడిదంటే, సినబారిన్ అనే రంగు పదార్థం వల్ల వస్తుంది. అది పుట్టగొడుగే తయారుచేసుకుంటుంది. చాలా పుట్టగొడుగులు నీడ, తేమ వెతుక్కుంటాయి. ఇది మాత్రం ఎండ తగిలే చోట, కొట్టేసిన మానుల మీద, కంచె కర్రల మీద కూడా హాయిగా పెరుగుతుంది. అందుకే దట్టమైన అడవి లోపల కన్నా అడవి అంచున, తోటల్లో మన కంటికి ఎక్కువగా పడుతుంది.

గుర్తుపట్టే వరుస: ఐదు మెట్లు

వీడియోలో చేత్తో పట్టుకుని చూపించాను. ఇక్కడ అదే వరుసలో రాస్తున్నాను. ఒక్క మెట్టు కూడా దాటేయొద్దు.

1. ఎక్కడ పెరిగింది? కొయ్యకముందే చూడాల్సింది ఇది. ఎర్ర కట్టెగొడుగు పెరిగేది చచ్చిన కట్టె మీద. నేల మీద గొడుగులా లేచి ఉంటే అది ఇది కాదు. పచ్చగా ఉన్న చెట్టు మొదట్లో, వేళ్ల దగ్గర ఉంటే అనుమానించండి. ఏ చెట్టు, ఏ కొమ్మ, ఎండిందా పచ్చిదా అన్నది ఫోన్లో ఫొటో తీసి పెట్టుకోండి. కోసి ఇంటికి తెచ్చాక ఈ సమాచారం మళ్లీ దొరకదు.

2. తిప్పి అడుగు చూడండి. అన్నిటికన్నా ముఖ్యమైన మెట్టు ఇదే. పుట్టగొడుగు అసలు చిరునామా పైన కాదు, అడుగున ఉంటుంది. అడుగున పుస్తకం రేకుల్లా పలచటి మొప్పలు ఉంటే అది వేరే కుటుంబం, ఇక్కడే ఆగిపోండి. ఎర్ర కట్టెగొడుగుకు అడుగున మొప్పలు ఉండవు, సూదిమొనతో పొడిచినట్టు సన్నటి రంధ్రాలు ఉంటాయి. ఎంత సన్నమంటే ఒక మిల్లీమీటరులో సుమారు 5, 6 రంధ్రాలు పడతాయి. ఉత్త కంటికి నున్నగా ఉన్నట్టే అనిపిస్తుంది. 10 రెట్ల భూతద్దం పెడితే కనబడతాయి. అడుగు కూడా ఎర్రగానే ఉంటుంది, చాలాసార్లు పైభాగం కన్నా ఇంకా ముదురు ఎరుపు. ఇది గుర్తుపెట్టుకోండి, గానోడెర్మా దగ్గర పనికొస్తుంది.

3. వంచి చూడండి. ఇది పలచగా ఉంటుంది, మామూలుగా అర సెంటీమీటరు లోపే. తడిగా ఉన్నప్పుడు తోలు ముక్కలా వంగుతుంది, ఎండితే అట్టముక్కలా గట్టిపడుతుంది. నలిపితే మెత్తగా చిదిమిపోయేది, నీళ్లు కారేది, జిగురుగా ఉండేది ఇది కాదు.

4. కోసి చూడండి. పదును కత్తితో నిలువుగా కోస్తే లోపలి కండ కూడా నారింజ ఎరుపులోనే ఉంటుంది. పైన మాత్రమే రంగు ఉండి లోపల తెల్లగానో గోధుమరంగులోనో ఉంటే మీ చేతిలో ఉన్నది వేరొకటి. ఒక మాట, ముసలిదైతే, ఎండకు బాగా కాగితే పైరంగు వెలిసిపోయి పాలిపోతుంది. అప్పుడు కూడా అడుగున, లోపల ఎరుపు చాలావరకు నిలుస్తుంది.

5. స్పోర్ల ముద్ర తీయండి. స్పోర్లు అంటే సిద్ధబీజాలు, పుట్టగొడుగు విత్తనాల్లాంటివి. సగం తెల్లటి, సగం నల్లటి కాగితం మీద తాజా ముక్కను అడుగు కిందకి ఉండేలా పెట్టి, గిన్నె బోర్లించి రాత్రంతా వదిలేయండి. పొద్దున చూస్తే కాగితం మీద సన్నటి పొడి పడి ఉంటుంది. ఎర్ర కట్టెగొడుగు పొడి తెల్లగా ఉంటుంది, నల్ల కాగితం వైపే తెలుస్తుంది. గానోడెర్మా పొడి కోకో పొడిలా గోధుమరంగు. ఎండిన ముక్క, బాగా ముదిరిన ముక్క అయితే పొడి పడకపోవచ్చు. పడకపోతే పడలేదనే రాసుకోండి, ఊహించి రంగు రాయొద్దు.

చేత్తో ముట్టుకుంటే ఏమైనా అవుతుందా అని చాలామంది భయపడతారు. చూడటానికి, కోయడానికి పట్టుకుంటే ఏమీ కాదు. తర్వాత సబ్బుతో చేతులు కడుక్కోండి, చాలు. రుచి మాత్రం చూడొద్దు, నాలుక చివర కూడా.

దీనిలా కనిపించి మోసం చేసేవి

గానోడెర్మా: ఎర్రటి గోధుమరంగు, పైన వార్నిష్ పూసినట్టు నిగనిగ మెరుపు. పెరుగుతున్న అంచు తెల్లగానో పసుపుగానో ఉంటుంది. తిప్పితే అడుగు తెలుపు లేదా మీగడ రంగు, గోటితో గీస్తే గోధుమ గీత పడుతుంది. ఎర్ర కట్టెగొడుగుకు ఈ వార్నిష్ మెరుపు ఉండదు, అడుగు తెల్లగా ఉండదు. ఈ ఒక్క తేడా గుర్తుంటే సగం గందరగోళం పోయినట్టే.

గిమ్నోపైలస్ జాతి: పుచ్చిన కట్టె మీద, మోళ్ల మీద గుంపులుగా వచ్చే నారింజ రంగు గొడుగులు. వీటికి కాడ ఉంటుంది, అడుగున మొప్పలుంటాయి, స్పోర్ల పొడి తుప్పు రంగులో ఉంటుంది. చాలావరకు చేదు. కొన్నిటిలో మత్తు కలిగించే పదార్థాలు కూడా ఉన్నాయి. కూరకు పనికిరావు.

డాక్రియోపినాక్స్: వాన పడ్డ మర్నాడు ఎండుకట్టె పగుళ్లలోంచి పసుపు నారింజ రంగులో చిన్న చిన్న గరిటెల్లా లేస్తుంది. పట్టుకుంటే జెల్లీలా మెత్తగా ఉంటుంది. తోలులా ఉండే ఎర్ర కట్టెగొడుగుతో పోలిక రంగు వరకే.

లేటిపోరస్: ఇంటర్నెట్‌లో 'చికెన్ ఆఫ్ ద వుడ్స్' అని కనబడేది ఇదే. పసుపు నారింజ రంగు, దళసరి కండ, లేతగా ఉన్నప్పుడు మెత్తగా రసంతో ఉంటుంది. లోపల కండ తెలుపు లేదా లేత పసుపు. వేరే దేశాల్లో దీన్ని వండుకుంటారు, అక్కడ కూడా కొందరికి పడక వాంతులవుతాయి. ఫోన్ యాప్‌లో ఫొటో పెడితే నారింజ రంగు చూసి ఈ పేరు చెప్పేయొచ్చు. యాప్ చూసేది పైభాగం ఫొటో మాత్రమే. అడుగు తిప్పదు, కోయదు, ముద్ర తీయదు. యాప్ చెప్పిన పేరు వెతకడానికి ఒక దారి మాత్రమే, దాన్ని నమ్ముకుని పొయ్యి వెలిగించకూడదు.

రంగును నమ్మొద్దు

మనవాళ్లలో ఒక లెక్క ఉంది. రంగుగా ఉంటే కుక్కగొడుగు, తెల్లగా ఉంటే పుట్టగొడుగు. వినడానికి బాగుంది కానీ ఈ లెక్క మనుషుల ప్రాణం మీదకు తెస్తుంది.

ఎరుపులో విషం ఉన్నది ఉంది. ఎర్ర టోపీ మీద తెల్ల మచ్చలతో బొమ్మల పుస్తకాల్లో కనిపించే అమనిటా మస్కేరియా విషపు పుట్టగొడుగే. అది నీలగిరులు, కొడైకెనాల్ వైపు పైన్ లాంటి చెట్ల కింద నేల మీద వస్తుంది. కానీ ప్రపంచంలో ఎక్కువ ప్రాణాలు తీసిన అమనిటా ఫాలాయిడిస్ అంత మెరిసే రంగులో ఉండదు, పాలిపోయిన ఆకుపచ్చ. దాని దగ్గరి బంధువుల్లో స్వచ్ఛమైన తెలుపువి కూడా ప్రాణాంతకమే. మన పొలం గట్ల మీద, పచ్చిక మీద వానల్లో వచ్చే క్లోరోఫిల్లమ్ మాలిబ్డైటిస్ చూడ్డానికి తెల్లగా, పెద్దగా, కూరకి రమ్మన్నట్టు ఉంటుంది. తింటే గంటల్లోనే వాంతులు, విరేచనాలు. దాని గుట్టు స్పోర్ల ముద్రలో బయటపడుతుంది, పొడి ఆకుపచ్చగా ఉంటుంది.

ఇలాంటి నమ్మకాలు ఇంకా ఉన్నాయి. వెండి చెంచా నల్లబడితే విషం, వెల్లుల్లి రంగు మారితే విషం, పురుగు తింటే మనమూ తినొచ్చు, బాగా ఉడికిస్తే విషం పోతుంది. ఒక్కటీ నిజం కాదు. అమనిటా విషం ఉడికించినా, ఎండబెట్టినా పోదు.

మన్యం గ్రామాల్లో తరతరాలుగా పుట్టగొడుగులు ఏరే పెద్దవాళ్లకి ఏ పుట్ట మీద ఏ కార్తెలో ఏది వస్తుందో తెలుసు. ఆ జ్ఞానం విలువైనది. కానీ అది ఆ చోటుకి, ఆ జాతికి సంబంధించిన జ్ఞానం. వాళ్లు ఏరేది రంగు చూసి కాదు, పుట్ట నుంచి లేచే పొడుగాటి వేరు, కాడ, వాసన, కాలం అన్నీ కలిపి చూసి. వాళ్ల పక్కన నిలబడి నేర్చుకోవడం వేరు, ఫొటో చూసి ఏరడం వేరు.

మరి ఇది తినొచ్చా? మందా?

ఎర్ర కట్టెగొడుగు తోలులా ఉంటుంది, ఎంత ఉడికించినా నమలలేం. తిండి జాబితాలో దీనికి చోటు లేదు. కొన్ని దేశాల జానపద వైద్యంలో దీన్ని వాడారన్నది నిజం. ల్యాబుల్లో దీని రంగు పదార్థాలను సూక్ష్మజీవుల మీద పరీక్షించారన్నదీ నిజం. కానీ గాజు గిన్నెలో బాక్టీరియాను ఆపినది మనిషి కడుపులో మందు అయిపోదు. ఎంత మోతాదు, ఎన్నాళ్లు, కాలేయానికి ఏమవుతుంది అన్నవి తేలకుండా కషాయం కాచి తాగడం, ఇంట్లో పెద్దవాళ్లకి ఇవ్వడం చేయొద్దు.

రీషీ విషయానికి వద్దాం. రీషీ అనేది గానోడెర్మా జాతి. దాన్ని పొట్టు, చెక్కల మీద విత్తనం వేసి షెడ్లలో పెంచుతారు. ఎర్ర కట్టెగొడుగు వేరు, రీషీ వేరు. అడవిలో ఏరిన ఎర్రటి దాన్ని ఎండబెట్టి, పొడి కొట్టి 'రీషీ' అని ప్యాక్ చేస్తే అది కొనేవాళ్లని మోసం చేయడమే, తెలిసి చేసినా తెలియక చేసినా. మనం నేరుగా వినియోగదారుడికి అమ్ముకునేవాళ్లం. మన బియ్యం, బెల్లం, నూనె కొనేవాళ్లు మనిషిని చూసి కొంటున్నారు. ఒక్క తప్పుడు పొట్లంతో ఆ నమ్మకం పోతుంది, ఎవరికైనా జబ్బు చేస్తే కేసు కూడా అవుతుంది. రిజర్వు అడవిలోంచి తెచ్చేదానికి అటవీ శాఖ నిబంధనలు వేరే ఉన్నాయి.

నిజంగా ఔషధ పుట్టగొడుగులు పెంచాలనుంటే హిమాచల్ ప్రదేశ్‌లోని సోలన్‌లో భారత వ్యవసాయ పరిశోధన మండలి వారి పుట్టగొడుగుల పరిశోధన సంస్థ ఉంది. విత్తనం, శిక్షణ అలాంటి చోట నుంచి మొదలుపెట్టండి. జాతి నిర్ధారణ కావాలంటే మీ జిల్లా కృషి విజ్ఞాన కేంద్రంలో మొక్కల తెగుళ్ల శాస్త్రవేత్తను కలవండి. పుట్టగొడుగును కట్టె ముక్కతో సహా కాగితం సంచిలో పట్టుకెళ్లండి. ప్లాస్టిక్ కవర్లో పెడితే కుళ్లిపోయి ఎందుకూ పనికిరాదు.

తోటలో కనబడితే ఏం చేయాలి?

డిప్లొమా చదివేటప్పుడు మాకు శిలీంధ్రం అంటే తెగుళ్ల పాఠంలోనే కనబడేది. మందు పేరు, మోతాదు, అంతే. ప్రకృతి వ్యవసాయంలోకి వచ్చాక దాని రెండో ముఖం తెలిసింది.

కట్టెలో గట్టిగా పట్టి ఉంచే పదార్థం లిగ్నిన్. దాన్ని విరగ్గొట్టగలిగే జీవులు ప్రకృతిలో చాలా తక్కువ. ఎర్ర కట్టెగొడుగు వాటిలో ఒకటి. లక్కేజ్ అనే ఎంజైమును విడుదల చేసి లిగ్నిన్‌ను కరిగిస్తుంది. ఆ కట్టె క్రమంగా తెల్లబడి, పీచుపీచుగా, తేలికగా అయిపోతుంది. దీన్నే తెల్ల కుళ్లు అంటారు. లక్కేజ్ ఎంత బలమైనదంటే, అద్దకం మురుగునీటిలో రంగును పోగొట్టడానికి కూడా పరిశోధకులు దాన్ని పరీక్షించారు. మనం ఆచ్ఛాదన వేసి, జీవామృతం పోసి నేలలో చేయించాలనుకునే పనిలో గట్టి భాగాన్ని ఇలాంటి శిలీంధ్రాలే చేస్తున్నాయి. కాబట్టి గట్టు మీద పడిపోయిన మాను మీద ఇది కనబడితే తగలబెట్టొద్దు. అలా వదిలేయండి. కొన్నాళ్లకి ఆ మానే మట్టిలో కలిసి నీళ్లు పట్టి ఉంచే పదార్థమవుతుంది.

బతికున్న మామిడి, జీడిమామిడి చెట్టు కొమ్మ మీద వస్తే? దాని అర్థం, ఆ కొమ్మ అప్పటికే చచ్చిపోయింది. పుట్టగొడుగు చంపలేదు, చచ్చిందని మీకు చెబుతోంది. కాబట్టి దాన్ని గీకేసి ఊరుకోకుండా కారణం వెతకండి. కాండం తొలిచే పురుగు రంధ్రం, రంపపు పొడిలాంటి పిప్పి ఉందా? కొమ్మ చివర నుంచి ఎండుకుంటూ వస్తోందా? ఎండదెబ్బకు బెరడు పగిలిందా? పచ్చి కట్టె కనబడేదాకా కోసి, కోసిన చోట ఆవు పేడ, పుట్టమన్ను ముద్ద పట్టించండి. కోసిన కొమ్మలో పురుగు ఉంటే మాత్రం ఆచ్ఛాదనలో వేయొద్దు, కాల్చేయండి.

కొబ్బరి మొదట్లో ఎరుపు కనబడితే

ఇక్కడ మాత్రం ఆలస్యం చేయకూడదు. కొబ్బరి మొదట్లో ఎర్రటి గోధుమరంగు, వార్నిష్ మెరుపుతో, తెల్లటి అడుగుతో ఉన్నది వస్తే అది గానోడెర్మా. మన రైతులు ఎర్రలక్క తెగులు అనేది దీన్నే. వేళ్ల నుంచి మొదలై మొదలును కుళ్లబెడుతుంది. కింది ఆకులు వాడి వేలాడతాయి, మొదట్లో పగుళ్లలోంచి ఎర్రటి గోధుమ రంగు బంక కారుతుంది. పుట్టగొడుగు బయటకు వచ్చేది చివర్లో, అంటే అప్పటికి లోపల చాలా నష్టం జరిగిపోయింది. అందుకే ఆ చెట్టు కన్నా దాని పక్క చెట్ల గురించి ఎక్కువ ఆలోచించాలి.

బయటకొచ్చిన గొడుగులను కోసి కాల్చేయండి. చచ్చిన చెట్టును మొదలు, వేళ్లతో సహా తవ్వి తీసేయండి. తెగులు చెట్టు చుట్టూ మీటరు లోతు, అడుగు వెడల్పు కందకం తీసి, వేళ్లు పక్క చెట్టుకు తగలకుండా చేయండి. నీళ్లు ఒక చెట్టు పాదు నుంచి ఇంకో చెట్టు పాదుకు పారనీయొద్దు, ఏ పాదుకు ఆ పాదు పెట్టండి. పక్క చెట్లకు 50 గ్రాముల ట్రైకోడెర్మాను 5 కిలోల వేపపిండితో కలిపి పాదులో వేయండి, నేలలో తేమ ఉండాలి. సరుగుడు, తుమ్మ లాంటి చెట్లకు కూడా గానోడెర్మా సోకుతుంది కాబట్టి ఐదంచెల తోటల్లో ఇంకా జాగ్రత్త.

చూశారా, ఒకే ఎరుపు. ఒకచోట వదిలేయమంటున్నాను, ఇంకోచోట వేళ్లతో తవ్వమంటున్నాను. తేడా తెలిసేది తిప్పి అడుగు చూస్తేనే.

ఎవరైనా తెలియనిది తినేస్తే

లక్షణాలు వస్తాయేమో చూద్దాం అని ఆగొద్దు. ప్రాణాంతకమైన అమనిటా విషానికి మొదటి 6 నుంచి 12 గంటలు, ఒక్కోసారి అంతకన్నా ఎక్కువసేపు ఏమీ తెలియదు. తర్వాత వాంతులు, విరేచనాలు. మర్నాటికి తగ్గినట్టే అనిపిస్తుంది. మనిషి లేచి కూర్చుంటాడు, ఇంట్లోవాళ్లు ఊపిరి పీల్చుకుంటారు. లోపల కాలేయం పాడవుతూనే ఉంటుంది. అందుకే తగ్గింది కదా అని ఆసుపత్రి ప్రయాణం ఆపొద్దు.

108కి ఫోన్ చేయండి. ఉప్పునీళ్లు తాగించి వాంతి చేయించడం, పసరు పోయడం వద్దు. మిగిలిన పచ్చి పుట్టగొడుగు, వండిన కూర, చివరికి పారేసిన ముక్కలైనా కాగితంలో చుట్టి వెంట తీసుకెళ్లండి. ఏ టైంకి తిన్నారో రాసుకోండి. ఆ కూర తిన్న అందరినీ తీసుకెళ్లండి, బాగానే ఉన్నవాళ్లని కూడా.

పిల్లలకు ఒక్కటే నేర్పండి: ఎంత అందంగా ఉన్నా ముందు ఫొటో, తర్వాత పెద్దవాళ్లని అడగడం, నోట్లో మాత్రం ఎప్పటికీ పెట్టుకోవద్దు.

స్పోర్ల ముద్ర తీసే పద్ధతి మొదటి నుంచి చివరి దాకా వీడియో రెండో భాగంలో ఉంది. ఈ వానల్లో మీ తోటలో ఒకసారి చేసి చూడండి. ఖర్చు ఒక కాగితం, ఒక గిన్నె. జై కిసాన్.